గయ్యాళి అత్త చచ్చిందా

మా పెద్దమ్మ చనిపోయిందని మా పెద్దమ్మకే ఫోన్ వచ్చింది.

అప్పుడామె వంటగదిలో నిలబడి, స్టవ్ బర్నర్ తూట్లలో ఇరుక్కున్న మసిని పిన్నీసుతో గీకుతోంది. ఫోన్ స్పీకర్లో పెట్టి గిన్నెలకి ఆనించింది. అవతలి మనిషి గొంతు సవరించుకుని, చాలా మర్యాదగా, "ఆవిడ పోయినందుకు మా కంపెనీ తరఫున సంతాపం అండీ" అన్నాడు.

"ఎవరు పోయారు నాయనా?"

"అదేనండీ, సీరియల్లో గయ్యాళి అత్త వేషం వేసినావిడ. మీరు ఆవిడకేమవుతారు?"

పెద్దమ్మ పిన్నీసు పక్కన పెట్టింది. "నేను ఆవిడకి ఆవిడే అవుతాను" అంది.

"పాపం, చాలా బాధలో ఉన్నట్టున్నారు" అన్నాడు. "ఎక్కువసేపు తీసుకోనండీ. నేను అసిస్టెంట్ డైరెక్టర్ని. కొత్త సీరియల్ తీస్తున్నాం. అందులో గోడ మీద ఒక ఫోటో కావాలి, చచ్చిపోయిన అత్తగారిది. ఆవిడ మొహమైతే జనం చూడగానే జడుసుకుంటారని మా డైరెక్టర్ గారి ఐడియా. ఇంట్లోవాళ్ళుగా మీరు సరే అంటే చాలు."

"ఫోటో ఎందుకు? మనిషినే వస్తాను."

"అసలు మనిషినే అనుకున్నామండీ! లారీల కంపెనీ నడిపే ముసలావిడ, పెద్ద వేషం. ఆవిడకే ఇద్దామనుకున్నాం. తీరా డైరెక్టర్ గారు ఇంటర్నెట్‌లో సైట్ చూస్తే పోయారని ఉంది. ఏం చేస్తాం చెప్పండి. శుక్రవారం సాయంత్రానికి వేరేవాళ్ళని ఖాయం చేసేస్తున్నాం."

"నాయనా, నా మాట విను. నేను చావలేదు. రేపు మీ ఆఫీసుకొచ్చి నిలబడతాను. చూసుకోండి."

"మా డైరెక్టర్ గారు ముందు సైట్ చూస్తారండీ, తర్వాతే మనిషిని చూస్తారు. ఫోటో సంగతి ఆలోచించి చెప్పండి" అని పెట్టేశాడు.

పెద్దమ్మ నావైపు తిరిగింది. ఆమె చూపు గురించి ఒక్క మాట చెప్పాలి. ఆ చూపుకి ఏళ్ళ తరబడి ఒక దేశం దేశమంతా రాత్రి భోజనం మానుకుని టీవీ ముందు కూర్చుంది. ఆ చూపు పాల మీద పడితే విరిగిపోతాయి. నా మీద పడితే మాత్రం నాకేమీ కాదు, అలవాటైపోయింది.

"ఒరేయ్. నన్ను చంపింది మీ ఆఫీసేనా?"

నేను బిస్కెట్ నమలడం ఆపకుండా, "అయ్యుండొచ్చు పెద్దమ్మా" అన్నాను.

నా ఉద్యోగం ఏమిటో చెబితేగానీ ఇదంతా తేలదు. జనం ఇంటర్నెట్‌లో సినిమావాళ్ళ గురించీ టీవీవాళ్ళ గురించీ వెతుకుతారు. వెతికేటప్పుడు పేర్లు గుర్తురావు. "పొడుగు హీరో పొట్టి పెళ్ళాం" అని కొడతారు. "వానలో ఏడ్చిన అమ్మాయి ఇప్పుడెక్కడ" అని కొడతారు. "బట్టతల విలన్ ఇంట్లో మంచోడేనా" అని కొడతారు. యంత్రానికి పిచ్చెక్కుతుంది. పొడుగు హీరోలు బోలెడంతమంది, పెళ్ళాల సంగతి సరేసరి. అలా యంత్రం చేతులెత్తేసిన ప్రశ్నలన్నీ మా ఆఫీసుకొస్తాయి. చెప్పుల షాపు పైన రెండో అంతస్తు. పొద్దున్నించి సాయంత్రం దాకా కొత్త రబ్బరు వాసన పీలుస్తూ, అడిగినవాడి మనసులో ఏముందో కనిపెట్టి ఒక బటన్ నొక్కడం మా పని. మా నొక్కుడుని బట్టి సైట్ అన్నిటికన్నా పైన ఒక డబ్బా గీసి అందులో జవాబు పెడుతుంది. జనం ఆ డబ్బా చదివేసి వెళ్ళిపోతారు. దానికింద ఏముందో చూసిన మనిషి ఇంతవరకూ పుట్టలేదు.

ఇందులో ఒక మెలిక ఉంది. ప్రతి ప్రశ్నా ముగ్గురికి వెళుతుంది, ఒకరిది ఒకరికి కనపడదు. ఇద్దరి జవాబు కలిస్తే అదే నిజం. కలవని మూడోవాడికి ఎర్ర చుక్క. చుక్కలు ఎక్కువైతే ఇంటికి. అందుకని మాలో ఎవడూ అడిగినవాడి మనసు గురించి ఆలోచించడు, పక్కవాడు ఏం నొక్కుతాడా అని ఆలోచిస్తాడు. పక్కవాడూ అదే పనిలో ఉంటాడు. నలుగురితో నారాయణ అనడమే మా విద్య. ఆ లెక్కన మేమొక హీరోకి ఆయనకి తెలియకుండా రెండో పెళ్ళి చేశాం. పాపం, ఆయన మొదటావిడ చాలాకాలం తలుపు తియ్యలేదట.

ఇక పెద్దమ్మ చావు. ఆ సీరియల్ ఎంతకాలం నడిచిందంటే, మొదట్లో ఉయ్యాల్లో ఏడ్చిన పాప చివర్లో కోడలిగా వచ్చి ఏడ్చింది. అంతకాలం గయ్యాళి అత్త మా పెద్దమ్మే. ఒకరోజు ఆ అత్తని మెట్ల మీంచి పడేశారు. కిందికి చేరడానికి నాలుగు ఎపిసోడ్లు పట్టింది, మధ్యలో ఒక పాట కూడా వచ్చింది. జనం వెంటనే ఫోన్లు తీసి "గయ్యాళి అత్త చచ్చిందా" అని కొట్టారు. వాళ్ళడిగింది సీరియల్లో అత్త గురించా, వేషం వేసిన మనిషి గురించా? అప్పటికి నేనింకా ఆ ఉద్యోగంలో చేరలేదు. అప్పుడున్న మహానుభావులు, చావు అంటే మనిషికే కదా అని పక్కవాడు అనుకుంటాడని అనుకుని, మనిషి బటన్ నొక్కారు. డబ్బా తయారైంది. పెద్దమ్మ ఫోటో, పక్కన "మరణించారు."

సీరియల్లో మెట్ల మీంచి పడి చచ్చిన ఈ మనిషి, రోజూ మా మూడంతస్తుల మెట్లూ నీళ్ళ క్యాను పట్టుకుని ఎక్కుతుంది. నేను ఉత్త చేతులతో వెనకాల ఆయాసపడుతూ వస్తాను.

ఒకసారి తేల్చిన ప్రశ్నైనా, జనం అడుగుతున్నంతకాలం యంత్రం మళ్ళీ మళ్ళీ మాకు పంపుతుంది. మర్నాడు ఆఫీసులో నా తెర మీదికి ఆ ప్రశ్న వచ్చింది. "గయ్యాళి అత్త చచ్చిందా." కింద మూడు బటన్లు. ఒకటి నటి, రెండోది పాత్ర, మూడోది తేలలేదు. మూడోది గెలిస్తే సైట్ డబ్బా కట్టదు, ఉన్నవన్నీ కింద పరిచేసి మీరే చూసుకోండి అంటుంది. కానీ అది షోకేసులో పింగాణీ బొమ్మ లాంటిది, ఎవరూ ముట్టుకోరు. తేలలేదని మిగతా ఇద్దరూ నొక్కరు గనక చుక్క ఖాయం.

నేను పాత్ర నొక్కాను. ఎర్ర చుక్క.

గంట తర్వాత మళ్ళీ అదే ప్రశ్న. పాత్ర. చుక్క. భోజనం తర్వాత మళ్ళీ. మళ్ళీ చుక్క. నా పేరు పక్కన చూస్తే తట్టు పోసినట్టుంది.

నా పక్క సీటువాడిని మేమందరం అవునవును అంటాం. వాడి నోట ఇంకో మాట ఎవరూ వినలేదు. వాడిని పట్టుకుని అడిగాను. "నువ్వు నటి అని నొక్కావు కదరా?"

"అవునవును."

"ఆవిడ మా పెద్దమ్మరా. పొద్దున్న నా చొక్కాకి గుండీ కుట్టింది."

"అవునవును" అని చాలా జాలిగా అన్నాడు.

"మరి పాత్ర అని నొక్కొచ్చు కదా?"

వాడు చుట్టూ చూసి, నాకు మాత్రమే వినపడేలా, "మూడోవాడు నొక్కడు కదా" అన్నాడు. వాడి జీవితంలో అదే అన్నిటికన్నా పెద్ద ఉపన్యాసం.

సాయంత్రం మేడం పిలిచింది. ఆవిడకి మేం పెట్టుకున్న పేరు తక్కెడ. ప్రతిదీ తూస్తుంది. ఏసీ రిమోట్ సొరుగులో పెట్టి తాళం వేసుకుని, చలిని కూడా మనిషికింత అని తూచి ఇస్తుంది.

"ఏంటయ్యా ఈ చుక్కలు? లిఫ్ట్‌లో 'ఈ లిఫ్ట్ మీ బరువు అందరికీ వినపడేలా చెబుతుంది' అని కాగితం అంటించింది కూడా నువ్వే కదా?"

"అది ఆరోగ్యం కోసమండీ. అందరూ మెట్లెక్కారు."

"నేనూ ఎక్కాను" అంది పళ్ళ సందున. "సరే, ఇది చెప్పు. ఒకే ప్రశ్నకి పదేపదే తప్పెందుకు నొక్కుతున్నావు?"

"తప్పు కాదండీ. ఆవిడ బతికే ఉంది. మా ఇంట్లోనే ఉంది."

"సాక్ష్యం?"

"నా చెవులండీ. పొద్దున్న తిట్టిన తిట్లు ఇంకా మోగుతున్నాయి."

తక్కెడ నవ్వలేదు. "చూడు బాబూ. ఆవిడ బతికుందా లేదా అన్నది మన పని కాదు. అడిగినవాళ్ళు ఏమనుకుని అడిగారన్నది మన పని. ఇంకొక్క చుక్క పడిందా, నువ్వు ఇంట్లోనే కూర్చుని ఆవిడ తిట్లు వినొచ్చు. మాట్లాడాలనుంటే శుక్రవారం పంచాయితీలో మాట్లాడు."

పంచాయితీ అంటే వారానికోసారి తగువు పడిన ప్రశ్నల్ని గోడ మీద పెద్ద తెర మీద వేసి, అందరూ కలిసి తేల్చే సభ. అక్కడ వేసే ఓటే చివరిది, మిగతావన్నీ చెల్లవు. అక్కడ కూడా నలుగురితో నారాయణే, కాకపోతే బిస్కెట్లిస్తారు.

బయటికొస్తూ నా తెర ఆపబోయి ఆగాను. తెర మూలన, ఆ ప్రశ్న ఎక్కువగా ఎక్కణ్ణించి వస్తోందో చిన్న అక్షరాల్లో ఉంటుంది. ఎవరూ చదవరు. నేను చదివాను. మా పేట. మా వీధి.

ఎవడో మా వీధివాడు, పెద్దమ్మ చావు కోసం అంత ఆత్రంగా రోజంతా కొడుతున్నాడన్నమాట. వాడి సంగతి చూడాలనుకున్నాను. వాడి స్కూటర్ సీటు మీద ఏం పుయ్యాలో కూడా దారిలోనే నిర్ణయించుకున్నాను.

పొద్దున్నే లేచి హాల్లోకొచ్చేసరికి పెద్దమ్మ బ్రష్ నోట్లో పెట్టుకుని, ఒక్క వేలితో ఫోన్ మీద టకటకలాడిస్తోంది. వెనకనించి తొంగి చూశాను. "గయ్యాళి అత్త చచ్చిందా."

"పెద్దమ్మా! ఇదేంటి?"

బ్రష్ తీసి, "ఇవాళైనా బతికించారేమో అని చూస్తున్నా" అంది.

"అంటే ఆ ఫోన్ రాకముందే నీకు తెలుసా? రోజూ చూస్తున్నావా?"

"ఎప్పణ్ణించో తెలుసు. రోజూ ఏంటి, టీకి ముందోసారి, టీ తర్వాతోసారి. మన ఫోన్ తప్పు చూపిస్తోందేమోనని కింద ఇస్త్రీ చేసే ఆవిడ ఫోన్లోనూ కొట్టించా. వాచ్‌మన్ ఫోన్లో, ఎదురింటి కోడలి ఫోన్లో కూడా. వాళ్ళకి కూడా అలవాటైపోయింది పాపం, ఖాళీ దొరికితే కొట్టి పెడుతున్నారు."

నేను సోఫాలో కూలబడ్డాను. "పెద్దమ్మా, ఆ సీరియల్ని లోకం ఎప్పుడో మర్చిపోయింది. ఎవరూ అడక్కపోతే ఈ ప్రశ్న ఎప్పుడో మూలపడి, డబ్బా దానంతటదే ఊడిపోయేది. నువ్వు అడుగుతున్నకొద్దీ, ఇదేదో జనానికి చాలా ముఖ్యమైన చావు అని యంత్రం గట్టిగా పట్టుకుంటోంది. నిన్ను చంపుతున్నది నువ్వే."

పెద్దమ్మ నోరు కడుక్కుని, కొంగుతో తుడుచుకుని వచ్చింది.

"మరి అడక్కపోతే బతికానో లేదో నాకెలా తెలుస్తుందిరా?"

ఈ ప్రశ్నకి నా దగ్గర బటన్ లేదు. కానీ బుర్రలో ఏదో వెలిగింది. మా ఆఫీసు గోడకి, గాజు బిళ్ళలో బిగించి, ఒక వాక్యం ఉంది. "అడిగినవారి మనసే ప్రమాణం." తక్కెడ ప్రతి శుక్రవారం పంచాయితీకి ముందు దాన్ని పైకి చదువుతుంది. అందరం తలలూపుతాం. అయితే ఆ అడిగినవాణ్ణి మాలో ఎవడూ ఎప్పుడూ కంటితో చూడలేదు.

"పెద్దమ్మా, శుక్రవారం మంచి చీర కట్టుకో" అన్నాను.

"ఫోటోకా?" అంది అనుమానంగా.

"యుద్ధానికి."

శుక్రవారం కింద చెప్పుల షాపు పక్కనున్న గార్డు రిజిస్టరు తెరిచి, ఎవరి కోసం అని అడిగాడు. పెద్దమ్మ చూసిందంతే. రిజిస్టరు మూసి, లేచి నిలబడి, "మా అమ్మ మీరంటే పడి చచ్చేదండీ" అని దారిచ్చాడు.

పైన అప్పటికే తెర మీద మా ప్రశ్న పెద్ద పెద్ద అక్షరాల్లో వెలుగుతోంది. తక్కెడ గాజు బిళ్ళ ముందు నిలబడి అడిగినవారి మనసే ప్రమాణం అని చదివి, ఇటు తిరిగి, ఆగిపోయింది. బిస్కెట్ల పళ్ళెం అందుకుంటున్న చేతులన్నీ గాల్లోనే ఉండిపోయాయి.

"ఎవరయ్యా ఈవిడ? బయటివాళ్ళు రాకూడదని తెలుసు కదా."

"బయటావిడ కాదండీ" అన్నాను. "అడిగినావిడ. ఆ తెర మీదున్న ప్రశ్న కొట్టింది ఈవిడే. దేశంలోకెల్లా ఎక్కువసార్లు కొట్టింది కూడా ఈవిడే. ఈవిడ మనసే ప్రమాణం అని మీరిప్పుడే చదివారు."

తక్కెడ గాజు బిళ్ళ వంక చూసింది, పెద్దమ్మ వంక చూసింది. తాను కట్టిన తాడే తన కాలికి చుట్టుకున్నట్టు నిలబడిపోయింది. "కూర్చోండమ్మా" అంది చివరికి.

"నిలబడే ఉంటా. చచ్చినవాళ్ళని కూర్చోబెట్టరు, పడుకోబెడతారు" అంది పెద్దమ్మ.

వెనక వరసలో ఎవరో కిసుక్కున నవ్వి దగ్గులోకి దించారు.

తక్కెడ మెత్తగానే మాట్లాడింది, అన్యాయం ఎందుకు చెప్పాలి. "మీరు బతికున్నారని నా కళ్ళకి కనపడుతోందమ్మా. కానీ కళ్ళకి కనపడేదానికి మా దగ్గర బటన్ లేదు. నటి చావు గురించా, పాత్ర చావు గురించా, ఈ రెంటిలో మీరు అడిగిందేదో చెప్పండి. రాసుకుంటాం."

"రెండూ కాదు."

"రెంటిలో ఏదో ఒకటి..."

"రెండూ కాదన్నానా!"

గొంతు పెరిగింది. ఇది మా ఇంట్లో గొంతు కాదు, టీవీలో గొంతు. ఆ గొంతు వినగానే గదిలో సగం మంది, చిన్నప్పుడు హోంవర్క్ చెయ్యకుండా దొరికిపోయినట్టు సర్దుకుని కూర్చున్నారు. ఎప్పుడూ కుర్చీలో నిద్రపోయే కునుకుగాడు కళ్ళు తెరిచాడు. నేను చేరాక వాడి కళ్ళు ఏ రంగో చూడ్డం అదే మొదటిసారి.

"నేను చచ్చానో లేదో నాకు తెలీదనుకున్నారా? మోకాళ్ళ నొప్పి రోజూ చెబుతోంది. వేషం చచ్చిందో లేదో కూడా తెలుసు, ఆ మెట్ల మీద దొర్లింది నేనే. నేనడిగింది అది కాదు. పొద్దున్నే లేచి ఆ ఫోన్ని నేనడిగేది, ఇంకా ఎవరైనా నన్ను రమ్మంటారా అని. ఇంకా నాకు పనుందా అని. దానికి ఏ బటన్ నొక్కుతారో నొక్కండి, చూస్తా."

నాకే నోట్లో జోకు రాలేదు. ఇది నా చరిత్రలో రాసిపెట్టుకోదగ్గ విషయం.

తర్వాత పెద్దమ్మ చూపు తిరిగి తిరిగి అవునవును మీద ఆగింది. "ఏమ్మా అబ్బాయ్. నన్ను చంపింది నువ్వేనట కదా. ఇప్పుడు నా మొహం చూసి చెప్పు. చచ్చానా?"

"అవునవు..." అన్నాడు వాడు అలవాటుకొద్దీ. ఆగాడు. "కాదు" అన్నాడు.

గదిలో గాలి కదిలింది. ఎవరో వాడికి మంచినీళ్ళిచ్చారు.

"మూడో బటన్ ఒకటుందండీ" అన్నాను నేను. "తేలలేదు. అడిగినావిడ మనసు ఆ రెంటిలో లేదు గనక, అదే నొక్కాలి."

"నొక్కినవాడికి చుక్క పడుతుంది" అంది తక్కెడ. "నీకు ఇంకొక్క చుక్కే మిగిలింది."

"పడనివ్వండి" అని చెయ్యెత్తాను.

పెద్దమ్మ నన్ను చూసి, తక్కెడని చూసి, "చుక్క ఎవరికి పడుతుందమ్మా?" అని అడిగింది.

"మిగతావాళ్ళతో కలవనివాళ్ళకి."

"అందరూ అదే నొక్కితే?"

ఆ ఆఫీసు పెట్టిన దగ్గర్నించి ఆ ప్రశ్న ఎవరికీ రాలేదు. అవునవును చెయ్యి లేచింది. కునుకుగాడి చెయ్యి లేచింది, రెండు చేతులూ ఎత్తేశాడు, కంగారులో. తర్వాత వరసవరసంతా లేచింది. ఒక్కళ్ళు మిగిలారు. చేతులు కట్టుకుని తక్కెడ నిలబడి ఉంది. ఆవిడది కలవకపోతే మర్నాడు చుక్క ఆవిడకే, మా అందరికీ అర్థమైంది, ఆవిడకి కూడా.

"ఒక్కటి అడగొచ్చా అమ్మా?" అంది తక్కెడ, గొంతు బాగా తగ్గించి. "ఆ మెట్ల మీంచి మిమ్మల్ని తోసింది చిన్న కోడలేనా? ఆఖరి దాకా చెప్పలేదు. మా అమ్మా నేనూ ఎన్నేళ్ళు కొట్టుకున్నామో."

"చెయ్యెత్తు, చెబుతా."

తక్కెడ చెయ్యెత్తింది.

"ఎవరూ తొయ్యలేదు" అంది పెద్దమ్మ. "ఆదివారం సెలవు కావాలని అడిగాను. సోమవారానికి సెట్‌లో మెట్లు కట్టారు."

ఆ మధ్యాహ్నానికి డబ్బా పోయింది. పెద్దమ్మ ఫోటో లేదు, మరణించారు లేదు. "పెద్దమ్మా, ఇక ఆ ఫోన్ ముట్టుకోకు" అని వెయ్యిసార్లు చెప్పాను. వాచ్‌మన్‌కీ ఇస్త్రీ ఆవిడకీ కూడా మొక్కాను.

టీ వేళకి అసిస్టెంట్ డైరెక్టర్ ఫోన్. "అమ్మా, ఇప్పుడు సైట్‌లో ఏమీ చూపించడం లేదండీ. మీరున్నారో లేదో తేలడం లేదని డైరెక్టర్ గారు కంగారుపడుతున్నారు. ఒకసారి వచ్చి కనపడతారా?"

"మొన్న నేనే వస్తానన్నాను, వద్దన్నారు. తేలకపోతే ఆయన్నే రమ్మను" అంది పెద్దమ్మ. "బతికున్నాను కదా, నాకు పనులుంటాయి."

నేను చేతులతో సైగలు చేశాను, వద్దని, వేషం పోతుందని. ఆవిడ నాకు వీపు చూపించి స్టవ్ తుడుచుకుంది.

చీకటి పడకముందే కింద కారు ఆగింది. డైరెక్టర్ గారు మూడంతస్తులూ ఎక్కి, గుమ్మం ముందు గోడ పట్టుకుని ఊపిరి అందక నిలబడ్డాడు. తలుపు తెరిచే ఉంది. పెద్దమ్మ నిలబడి ఉంది. ఆయన ఫోన్ చూశాడు, ఆమెని చూశాడు, మళ్ళీ ఫోన్ చూశాడు.

"అంటే... ఇందులో ఏమీ..."

పెద్దమ్మ ఆయన చేతిలోంచి ఫోన్ తీసుకుని, చెప్పుల స్టాండ్ మీద బోర్లా పెట్టింది.

"ఇప్పుడు చూడు" అంది.

ఆయన చూశాడు. చాలాసేపు చూశాడు. ఆయన మొహంలో రంగు మారడం నేను సోఫాలోంచి చూశాను. అది భయమో సంతోషమో చెప్పమంటే మాత్రం మూడో బటన్ నొక్కుతాను.

"లారీల కంపెనీ ఆవిడ" అన్నాడు, "మీరే. ఎప్పుడొస్తారు?"

"రెండు షరతులు. ఆదివారం రాను. లారీల కంపెనీ ఆఫీసు నేల మీదే ఉండాలి, ఆ సెట్‌లో ఒక్క మెట్టు కనపడినా తిరిగొచ్చేస్తాను."

"అలాగేనండీ. అలాగే."

ఆయన ఫోన్ తీసుకుని వెనక్కి తిరిగాడు. పెద్దమ్మ గుమ్మంలోంచి తొంగి చూసి, అచ్చం టీవీ గొంతుతో అంది.

"చూసుకుని దిగు నాయనా. మెట్లు మంచివి కావు."